నూట పన్నెండో లెవెల్

9 జూన్ 2025, సోమవారం

పనులు: మోటారు వేసి ట్యాంకు నింపడం. వాకిలి. ఇడ్లీ పిండి. బట్టలు ఒక విడత, దుప్పట్లు మిగిలాయి. ఆవకాయ జాడీకి గుడ్డ మార్చడం. దొడ్లో రాలిన కొబ్బరి మట్టలు ఏరి గోడవారగా పేర్చడం. గ్యాసు బుక్ చేయడం. పప్పుచారు, వంకాయ వేపుడు.

ఆయన పనులు: గేమ్.

ఆయన మస్కట్ నుంచి వచ్చి నెల దాటింది. ఈసారి సెలవు మీద రాలేదు, కాంట్రాక్టు ముగించుకుని వచ్చారు. పద్దెనిమిదేళ్ళ తర్వాత. కంపెనీ వాళ్ళు ఇంకో రెండేళ్ళకి రమ్మంటున్నారు. ఆ సంగతి జూలై పదిలోగా రామచంద్రపురం ఏజెంటుకి చెప్పాలి. ఇక్కడ అంబాజీపేటలో ఆడపడుచు భర్త కామరాజు అన్నయ్యగారు తన కొబ్బరి డిపోలో చేరమంటున్నారు. ఏడాది పని నేర్చుకుంటే భాగం ఇస్తామంటున్నారు. రెండింట్లో ఏదో ఒకటి తేల్చాలి కదా. అడిగితే "చూద్దాంలే" అంటారు. టీవీ ముందు కూర్చుని, కత్తి పట్టుకున్న బొమ్మని ఆడిస్తూ అంటారు. తల కూడా తిప్పరు.

నాకేం. వెళ్ళినా ఒకటే, ఉన్నా ఒకటే. ఈ కొత్తపేట ఇల్లు ఒక్కదాన్నే నడపడం నాకు అలవాటు. తేల్చి చెబితే బియ్యం ఎన్ని తేవాలో తెలుస్తుంది, అంతే.

11 జూన్, బుధవారం

దుప్పట్లు అయ్యాయి. ఇవాళ "చూద్దాంలే" మూడుసార్లు.

13 జూన్, శుక్రవారం

ఎట్టకేలకు అంబాజీపేట వెళ్ళారు. నేను ఒక్క మాట అనలేదు. ఇస్త్రీ చొక్కా తీసి మంచం మీద పెట్టాను, అంతే.

మధ్యాహ్నానికి కామరాజు అన్నయ్యగారే కారులో తెచ్చి దింపారు. ఈయన కుడి చేతికి ఇంత కట్టు.

"కంగారు పడకమ్మా. కుట్లు పడ్డాయంతే," అన్నారు అన్నయ్యగారు. "కుర్రాళ్ళు గునపం మీద కాయ ఒలుస్తుంటే మనవాడు నేనూ ఒలుస్తానన్నాడు. వద్దురా అంజిబాబూ, లెక్క చూసుకో చాలన్నాను. వింటేనా. కాయ మాత్రం క్షేమంగా ఉందమ్మా."

కాఫీ తాగి వెళుతూ, "వచ్చేవారం రా. గునపం జోలికి పోకు, తూకం దగ్గర కూర్చో," అన్నారు. ఈయన "ఆయ్" అన్నారు. అన్నయ్యగారి కారు మలుపు తిరిగాక గోడకి చెప్పినట్టు చెప్పారు.

"అక్కడ నా కింద ఇరవై మంది పనిచేసేరు. ఎంత పెద్ద ఏసీ మిషనైనా విప్పి బిగించేను. ఇక్కడ ఒక్క కాయ ఒలవడం రాదని ఆడకూలీలు నవ్వేరు."

అన్నం కలిపి పెట్టబోతే చెంచా అడిగారు. చెంచా ఇచ్చాను.

15 జూన్, ఆదివారం

చెయ్యి అలా ఉన్నా ఆట మానలేదు. ఎడమ చేత్తో బొమ్మని నడిపించగలరు, కుడివైపు బొత్తాలు నొక్కలేరు. ఒక గంట అవస్థపడి నన్ను పిలిచారు.

"ఇటు రా. ఆ గుండ్రటి బొత్తాం మీద వేలు పెట్టు. నేను అన్నప్పుడు నొక్కు."

"రిమోట్ మీరు పట్టుకుంటే నేనెక్కడ పట్టుకోను?"

"రిమోట్ కాదు, కంట్రోలర్. ఈ సగం నీది, ఆ సగం నాది. ఇప్పుడు నొక్కు. ఇప్పుడు. అయిపోయింది."

"మీరు అన్నాకే కదా నొక్కేను."

"అన్నప్పుడు నొక్కమన్నాను, అన్నాక కాదు."

"నా చెయ్యి మీ నోటికంటే ముందు ఎలా వెళ్తుందండీ?"

కుక్కరు మూడో కూత వేసింది. నేను లేవబోతే "కదలకు, బతికుంది" అన్నారు. కుక్కరు మాడింది. ఆ మొసలిలాంటి దాన్ని మాత్రం చంపాం.

తెర మూలన ఒక అంకె ఉంది. ఏమిటని అడిగాను.

"లెవెల్. నూట పన్నెండు."

"ఎన్నింటికి?"

"ఎన్నింటికేంటి, మార్కులా?"

తర్వాత చాలాసేపు చెప్పారు. వచ్చాక ఇన్ని మాటలు ఒక్కసారి మాట్లాడటం ఇదే. మరిచిపోకుండా రాసుకుంటున్నాను. శత్రువుని చంపితే కొన్ని పాయింట్లు వస్తాయి. వాటిని ఎక్స్‌పీ అంటారు, అంటే అనుభవం. అవి చేతిలో పోగవుతాయి. దీపస్తంభాలని దారిపొడుగునా ఉంటాయి. అక్కడికి వెళ్ళి పాయింట్లు చెల్లిస్తే ఒక లెవెల్ పెరుగుతుంది. లెవెల్ పెరిగినప్పుడల్లా ఒక గుణం ఒక మెట్టు పెంచుకోవచ్చు. ప్రాణం, ఓర్పు, బలం, చురుకు, బుద్ధి. వీటిలో ఏది పెంచాలో మనిష్టం.

"అనుభవాన్ని ఖర్చుపెట్టడం ఏమిటండీ?" అన్నాను.

"ఇక్కడంతే."

మస్కట్‌లో తన గదిలో ఉండే మలయాళీ ఆయన సొంతూరు వెళ్ళిపోతూ ఈ గేమ్ పెట్టె ఇచ్చేశారట. ఎనిమిదేళ్ళయిందట. ఎనిమిదేళ్ళూ ఫోన్లో నాతో "తినేసి పడుకుంటున్నాను" అన్నారు.

17 జూన్, మంగళవారం

పనులు: అన్నీ పదిన్నరకే అయ్యాయి.

మధ్యాహ్నం ఆయన నిద్రపోయాక పెట్టె ఆన్ చేశాను. ఈ వస్తువుకి కరెంటు ఎంత కాలుతుందో చూడాలని. అది చూడాలంటే కాసేపు ఆడక తప్పదు. కొత్త మనిషిని తయారుచేసుకోమంది. రత్న అని పేరు పెట్టాను. లెవెల్ ఒకటి.

ఊరి గుమ్మం దాటగానే ఒక కుక్క మీదపడి చంపేసింది.

18 జూన్, బుధవారం

కుక్క.

20 జూన్, శుక్రవారం

కుక్క సంగతి తేలింది. అది ఎగరబోయే ముందు ఒకడుగు వెనక్కి వేస్తుంది. అప్పుడు పక్కకి తప్పుకుని కొట్టాలి. ఇది ఆయన చెప్పలేదు, నేనే కనిపెట్టాను.

ఎనిమిదో లెవెల్‌కి వచ్చాను. అయినా ఎవరి మీద కత్తి దూసినా గీత పడదు, నా మీద ఎవరు చెయ్యి వేసినా సగం ప్రాణం పోతుంది. చిరాకేసి కంట్రోలర్‌ని సోఫాలోకి విసిరాను. వెనక ఆయన నిలబడి ఉన్నారు. ఎప్పటి నుంచో తెలీదు.

"ఏదీ, నీ గుణాలు చూపించు."

చూపించాను. అన్నీ సమానంగా పెంచాను. ప్రాణానికి ఒకటి వేస్తే ఓర్పుకి ఒకటి, బలానికి ఒకటి వేస్తే బుద్ధికి ఒకటి. దేనికీ తక్కువ కాకుండా.

ఆయన నవ్వారు. కట్టు చెయ్యి గుండెకి ఆనించుకుని మరీ నవ్వారు.

"ఇదేమన్నా బంతిభోజనమా, అందరికీ సమానంగా వడ్డించడానికి? నువ్వు పట్టింది బరువు కత్తి. దానికి బలం కావాలి. మంత్రాలే లేనిదానికి బుద్ధికి పెట్టి ఏం లాభం?"

"బుద్ధి ఎందుకూ పనికిరాదంటారా?"

"ఈ కత్తికి పనికిరాదు. కూరలో ఉప్పూ కారం పసుపూ ఒకే కొలత వేస్తావేంటి?"

కోపం వచ్చింది. సమానంగా పెట్టడం తప్పని నాకెవరూ ఎప్పుడూ చెప్పలేదు. పెళ్ళయిన కొత్తలో అత్తగారు పప్పులో ఒక గరిటె తేడా వస్తే ఊరుకునేవారు కాదు. పెట్టేసిన పాయింట్లు వెనక్కి తీసుకోవచ్చా అంటే ఈ ఆటలో కుదరదన్నారు. ఇకనుంచి వచ్చేవైనా బలానికీ ప్రాణానికే పెట్టమన్నారు.

రాత్రి అక్షయ కాకినాడ నుంచి ఫోన్ చేసింది. నర్సింగ్ ఆఖరి ఏడాది, పరీక్షలు దగ్గరపడ్డాయి.

"నాన్న చెప్పేరమ్మా, నువ్వు గేమ్ ఆడుతున్నావంట. ఇంటర్లో నా ఫోన్ బీరువాలో పెట్టి తాళం వేసింది నువ్వే కదా?"

"అప్పుడు నీకు పరీక్షలు."

"ఇప్పుడు నీకు లేవా?"

పెట్టేశాను.

23 జూన్, సోమవారం

పనులు: మామూలే. వాన పడి బట్టలు మళ్ళీ ఆరేయాల్సి వచ్చింది.

లెక్క వేశాను. మొదట్లో ఆరేడు కుక్కలని కొడితే ఒక లెవెల్ వచ్చేది. ఇప్పుడు నలభై కొట్టినా రావడం లేదు. కుక్క తక్కువ ఇవ్వడం లేదు, అప్పుడెంతో ఇప్పుడూ అంతే. లెవెల్ అడిగేదే ప్రతిసారీ పెరుగుతోంది. కుక్కలంటే నాకిప్పుడు భయం లేదు, కళ్ళు మూసుకుని కొడతాను. అయినా పైకి వెళ్ళడం లేదు.

ఆయనకి చెబితే, "వచ్చిన పనే మళ్ళీ మళ్ళీ చేస్తే అంతే. తెలియనివాటి మీదకి వెళ్ళాలి. బురద వంతెన దాటు," అన్నారు.

గిన్నెలు తోముతూ ఆలోచించాను. ఈ ఇంట్లో రోజూ అవే గిన్నెలు, అదే

ఈ వాక్యం పూర్తి చేయను. ఆట గురించి రాయడానికి కూర్చున్నాను.

26 జూన్, గురువారం

ఇవాళ చాలా నష్టం.

బురద వంతెన దాటాను. అవతల తాబేళ్ళంత కప్పలు. ఒక్కొక్కటి పది కుక్కల పెట్టు ఇస్తుంది. మూడు రోజులుగా వాటిని కొట్టి పాయింట్లు పోగేశాను. దీపం దగ్గర చెల్లించలేదు. ఏదైనా పెద్ద అవసరం వస్తే ఒక్కసారే వాడొచ్చని చేతిలోనే ఉంచుకున్నాను. పోగవుతున్న అంకె చూస్తే ధైర్యంగా ఉండేది.

ఇవాళ రెండు కప్పలు కలిసి మీదపడ్డాయి. చచ్చిపోయాను. చస్తే చేతిలో ఉన్నదంతా అక్కడే రాలిపోతుంది. తిరిగి అక్కడికి వెళ్ళి ముట్టుకుంటే దక్కుతుంది, దారిలో మళ్ళీ చస్తే ఇక పోయినట్టే. ఇదంతా అప్పుడు చెప్పారు ఆయన. పరుగెత్తాను. ఊరి గుమ్మంలో కుక్క ఉందన్న సంగతే చూసుకోలేదు.

అదే కుక్క.

"ముందే ఎందుకు చెప్పలేదు?" అన్నాను. బొమ్మల ఆటకి ఏడుపు రావడం సిగ్గుగా ఉంది, అయినా వచ్చింది.

"దాస్తున్నావని నాకేం తెలుసు? ఎవరైనా దాచుకుంటారా? ఎందుకు దాచేవు?"

"అవసరానికి."

"ఏ అవసరానికి?"

"అది తెలిస్తే దాచడం ఎందుకండీ?"

ఆయన, లెవెల్ కింద మార్చుకున్నదే నిలుస్తుందనీ, చేతిలో ఉన్నది ఎప్పుడైనా పోతుందనీ చెప్పి, తనే లేచి టీ పెట్టారు. పంచదార డబ్బా ఎక్కడుందో ఇప్పటికీ తెలీదు, ఉప్పు డబ్బా మూత తీశారు. నేను లేచి వెళ్ళాల్సి వచ్చింది.

30 జూన్, సోమవారం

కుట్లు విప్పించుకోవడానికి పొద్దున్నే వెళ్ళారు. సాయంత్రానికి గానీ రాలేదు. ఇంతసేపా అంటే రద్దీ అన్నారు.

ఆ ఖాళీలో ఆయన ఆట తెరిచాను. ఆయన మనిషిని ముట్టుకోలేదు, పటం చూశానంతే. బురద వంతెన దాటాక ఎటు వెళ్ళాలో నాకు తెలియలేదు, నూట పన్నెండో లెవెల్ మనిషికి అన్ని దారులూ తెరిచి ఉంటాయి కదా అని.

పటంలో రెండే దీపాలు వెలుగుతున్నాయి. ఊరు, బురద వంతెన. దాని తర్వాత కోట తలుపు ఉంది, అక్కడ చీకటి. దాని వెనకాల పటమంతా చీకటి.

నేను పొరపాటు పడ్డానేమోనని ఒకటికి రెండుసార్లు చూశాను. రెండే. నావీ రెండే. నేను మొదలుపెట్టి రెండు వారాలు.

1 జూలై, మంగళవారం

అడిగాను. పొద్దున కొబ్బరి పచ్చడి వేస్తూ, మామూలుగానే.

"మీరు కోట తలుపు దాటలేదేం?"

"అక్కడ కాపలావాడు ఉంటాడు. మామూలువాడు కాదు. ఒకసారి వెళ్ళేను, మొదట్లో. రెండు దెబ్బల్లో పడేసేడు."

"అప్పుడు మీ లెవెల్ ఎంత?"

"ఇరవయ్యో ఎంతో."

"ఆ తర్వాత?"

"ఇంకొంచెం పెంచుకుని వెళ్దామని."

ఇడ్లీ తుంచి పచ్చడిలో ముంచుకున్నారు. తొంభై లెవెల్స్ ఆ కప్పల మీద పెంచారా? నలభై కుక్కలకే నాకు విసుగుతో కళ్ళు తిరిగాయి.

4 జూలై, శుక్రవారం

ఇవాళ గొడవ అయింది. ఉన్నది ఉన్నట్టు రాస్తాను.

భోజనాలయ్యాక నేను కోట తలుపు దగ్గరికి వెళ్ళాను. నా లెవెల్ ముప్పై నాలుగు. కాపలావాడు తాటిచెట్టంత ఉన్నాడు. ఒక కాలు కొంచెం ఈడుస్తాడు. పడేశాడు. మళ్ళీ వెళ్ళాను, మళ్ళీ పడేశాడు. ఈసారి పాయింట్లన్నీ ముందే చెల్లించి వెళ్ళాను, పోయేదేమీ లేదు.

"చెప్తే వినవు. ఇంకో పది పెంచుకుని వెళ్ళు," అన్నారు ఆయన.

"పది పెంచితే చాలా?"

"పదో పదిహేనో."

"పదా, పదిహేనా?"

"ఇరవై అయితే నిశ్చింత."

"మీరు తొంభై పెంచేరు కదండీ, మరి మీకింకా నిశ్చింత లేదేం?"

"నా సంగతి వదిలెయ్."

"వదలను. ఎంతయితే చాలు? ఒక అంకె చెప్పండి."

"అలా అంకె చెప్పడానికి ఉండదే."

"ఎందుకుండదు? నెలకి బియ్యం ఎన్ని కావాలో నేను చెప్పగలను. మొదట వెళ్ళేటప్పుడు రెండేళ్ళే అన్నారు. తర్వాత ఇల్లు కట్టేదాకా అన్నారు. ఇల్లయింది. పిల్ల చదువన్నారు, ఆఖరికొచ్చింది. ఇప్పుడేం కావాలి? ఎంత కావాలి?"

"నువ్వు గేమ్ గురించి అడుగుతున్నావా, మస్కట్ గురించా?"

"రెండిటికీ చెప్పండి. ముందు చిన్నదానికి చెప్పండి."

ఆయన టీవీ కట్టేశారు.

"అక్కడ నన్ను ఫోర్‌మేన్ అంటారు రత్నం. డిపోలో ఒకటి నుంచి మొదలెట్టాలి. నలభై తొమ్మిదేళ్ళు నాకు. బావగారి దగ్గర పనిచేసే పిల్ల నవ్వుతూ చూసింది, నా చేతికి రక్తం కారుతుంటే."

"నన్ను కుక్క చంపింది. గుణాలు సమానంగా పెట్టేనని మీరు నవ్వేరు. మర్నాడు నేను మళ్ళీ కూర్చోలేదా?"

"అది ఆటే."

"మీరు నవ్విన నవ్వు నిజమే కదండీ."

లేచి అరుగు మీదకి వెళ్ళిపోయారు. నేను కంచాలు తీశాను. పెరుగు గిన్నె పగిలింది, చేయి జారి. కావాలని కాదు.

5 జూలై, శనివారం

వంట చేశాను. మాట్లాడుకోలేదు. మోటారు ఆయనే వేశారు, ట్యాంకు పొర్లి దొడ్డంతా తడిసింది. అది కూడా అనలేదు నేను.

6 జూలై, ఆదివారం

తొలి ఏకాదశి. పేలపిండి కొడుతుంటే ముందుగదిలో టీవీ చప్పుడు. నేను వెళ్ళలేదు. కాసేపటికి చప్పుడు మారింది, కప్పల చప్పుడు కాదది. రోకలి పక్కన పెట్టి వెళ్ళాను.

ఆయన కోట తలుపు ముందు ఉన్నారు. కుడి చెయ్యి ఇంకా పూర్తిగా ముడవడం లేదు, అయినా పట్టుకున్నారు. కాపలావాడు కర్ర ఎత్తాడు. ఈయన కొట్టారు. మళ్ళీ కొట్టారు. నాలుగో దెబ్బకి వాడు మోకాళ్ళ మీద కూలి బూడిదైపోయాడు. ఒక్క దెబ్బ కూడా ఈయనకి తగలలేదు.

తలుపు తెరుచుకుంది. అవతల పెద్ద మైదానం, గడ్డి, దూరంగా సముద్రం. దీపం వెలిగింది.

నేను సంతోషపడబోయాను. ఆయన మొహం చూసి ఆగాను.

"ఇంతేనా," అన్నారు.

బొమ్మ తలుపులో నిలబడి ఉంది. ఆయన దాన్ని ముందుకి నడిపించలేదు. కంట్రోలర్ బల్ల మీద పెట్టేశారు.

"యాభైకే పడేవాడు వీడు," అన్నారు. "నలభైకైనా పడేవాడేమో. అక్కడ ఆ రేకుల గదిలో కూర్చుని ఎన్ని రాత్రుళ్ళు కప్పల్ని కొట్టేనో."

పేలపిండి తెచ్చి పెట్టాను. తినలేదు. నా వైపు తిరిగి, తప్పు చేసిన పిల్లాడిలా కాదు, బిల్లు చదివి వినిపించేవాడిలా చెప్పారు. కుట్లు విప్పించుకున్న రోజున కాకినాడ కూడా వెళ్ళారట. మస్కట్‌కి మెడికల్ టెస్టు అయిపోయిందట. ఏజెంటు దగ్గర అడ్వాన్సు కూడా తీసుకున్నారట.

7 జూలై, సోమవారం

ఉప్మాలో ఉప్పు ఎక్కువైంది. ఆయనకి పెట్టకుండా నేనే తిన్నాను. ఎందుకో నాకే తెలీదు.

చూద్దాంలే, చూద్దాంలే అని రెండు నెలలు అన్నారు. ఆఖరి వారమంతా చూసేసి అన్నారు. కాపలావాడి ముందు నిలబడి నేను చస్తూ లేస్తూ ఉంటే పక్కన కూర్చుని సలహాలు చెప్పారు, మెడికల్ కాగితం జేబులో పెట్టుకుని.

అక్షయకి ఫోన్ చేసి చెబుదామనుకున్నాను. పరీక్షలని మానేశాను. పది నిమిషాలకి అదే చేసింది. నాన్న దానికి కూడా చెప్పేశారు.

"నువ్వేమన్నావమ్మా?"

"నన్నెవరడిగేరు?"

"అడిగితే ఏమంటావు?"

"అడగనీ ముందు."

"అడక్కపోతే చెప్పవా? నాన్న ఫ్లయిట్ ఎక్కేక చెప్తావా?"

ఇది నా పిల్లేనా అనిపించింది. అలా మాట్లాడటం ఎక్కడ నేర్చుకుందో.

మొదటి రోజు రాసింది తిరగేసి చూశాను. "నాకేం" అని రాశాను. గీత గీసి కొట్టేశాను. పద్దుల పుస్తకంలో కూడా ఇంత గట్టిగా ఎప్పుడూ కొట్టలేదు, కింది పేజీకి దిగింది.

8 జూలై, మంగళవారం

పనులు: సగమే అయ్యాయి.

ఆయన అరుగు మీద పేపరు చదువుతున్నారు. వెళ్ళి ఎదురుగా నిలబడ్డాను.

"మీరు అడగరు కాబట్టి నేనే చెప్తున్నాను. వెళ్ళొద్దు."

పేపరు దించారు.

"డిపోలో ఏడాదంతా నాకు చేతికి ఏమీ రాదు. తెలుసా?"

"తెలుసు. ఏడాది ఎలా నడపాలో నాకు వదిలెయ్యండి. అది నాకొచ్చిన పని."

"చెయ్యి మళ్ళీ కోసుకుంటాను."

"కట్టు కడతాను."

"నవ్వుతారు."

"నవ్వనీండి. నేనూ నవ్వుతాను. కాయ ఒలిచి చూపించేదాకా నవ్వుతాను."

ఎదురింటి గేటు దగ్గర ఎవరో నిలబడి చూస్తున్నారు. అయినా గొంతు తగ్గించలేదు నేను. ఇన్నేళ్ళలో వీధిలోకి వినబడేలా నేను మాట్లాడటం ఇదే. ఆయన పేపరు మడిచారు, విప్పారు, మళ్ళీ మడిచారు. మళ్ళీ "చూద్దాం" అంటారేమోనని భయపడ్డాను. అనలేదు.

మధ్యాహ్నం బీరువా దగ్గర నిలబడి, రామచంద్రపురం ఎన్నింటికి బస్సని అడిగారు. ఏ పనికి వెళుతున్నారో చెప్పలేదు. నేనూ వస్తానన్నాను.

9 జూలై, బుధవారం

పనులు: తెల్లారకముందే వంట. పెరుగన్నం కట్టాను. మిగతావి వదిలేశాను.

రావులపాలెం దాకా ఒక బస్సు, అక్కడి నుంచి ఇంకొకటి. వంతెన మీద నుంచి చూస్తే గౌతమిలో ఎర్రనీరు దిగింది. దారిలో ఆయన మాట్లాడింది ఒక్కసారే. తూకం దగ్గర కూర్చోవాలంటే ముందు కాయ రకాలు తెలియాలి కదా, అవి ఎన్నుంటాయి అని అడిగారు. నాకు తెలియదన్నాను. బావగారిని అడగండి అన్నాను. అది విని మొహం మాడ్చుకున్నారు. ఆ మాడ్చుకున్న మొహంతోనే రామచంద్రపురం దాకా వచ్చారు. ఈ మనిషితో ఇక రోజూ వేగాలి, సెలవు నెల అయిపోతే విమానం ఎక్కే మనిషి కాదు. బస్సులో కూర్చుని ఆ సంగతి ఆలోచిస్తే కాస్త భయం కూడా వేసింది.

ఏజెంటు మంచివాడే. కుర్చీలు వేయించి మజ్జిగ తెప్పించాడు. అడ్వాన్సు తిరిగిస్తామని విని నొచ్చుకున్నాడు.

"ఎందుకండీ మానుకోవడం? మీ లాంటి అనుభవం ఉన్నోళ్ళు ఎక్కడ దొరుకుతారు చెప్పండి. ఈ ఒక్క రెండేళ్ళూ చేసేరంటే ఇక చూసుకోనక్కర్లేదు కదండీ. అమ్మగారూ, మీరైనా చెప్పండి."

నేను చెప్పలేదు. చెప్పాల్సింది నిన్న అరుగు మీద చెప్పేశాను. మజ్జిగ గ్లాసు చేత్తో పట్టుకుని నేల చూస్తూ కూర్చున్నాను. ఈయన నోరు తెరవడానికి ఎంతసేపు పట్టిందో. గోడ మీద గడియారం కూడా నడవడం లేదేమో అనుకున్నాను. ఇప్పుడు గనక చూద్దాంలే అన్నారా, ఒక్కదాన్నే బస్సెక్కి ఇంటికి పోదామని చెప్పులో కాలు కూడా పెట్టాను.

"చాలండి," అన్నారు.

అన్నం వడ్డిస్తున్నప్పుడు కంచం మీద చెయ్యి అడ్డం పెట్టి అనడమే తప్ప, ఇంకెక్కడా ఆయన నోట ఆ మాట నేను వినలేదు.

ఏజెంటు ఇంకోసారి బతిమాలాడు. ఈయన ఇంకోసారి అదే అన్నారు, ఈసారి తలెత్తి.

ఇంటికొచ్చేసరికి చీకటి పడింది. దొడ్లో బట్టలు వానకి తడిసిపోయాయి, రేపు మళ్ళీ ఉతకాలి. తడి తువ్వాలు తీసుకెళ్ళి మంచం మీదే వేశారు, ఎన్నిసార్లు చెప్పినా అంతే. పొద్దున ఏడింటికల్లా అంబాజీపేటలో ఉండాలట, ఐదింటికి లేపమన్నారు.

రామచంద్రపురం ఏజెంటు దగ్గర తీసుకున్న అడ్వాన్సు: ఇవాళ ఇద్దరం వెళ్ళి పూర్తిగా తిరిగి ఇచ్చాం. అందులో ఖర్చయిపోయినంత నా చీటీ డబ్బులోంచి కలిపాను. అడ్వాన్సు కాగితం మా ఎదుటే చింపేశారు. చెల్లు.